82 తిమింగలాలకు ఎంత రంగు పూయాలి?

పటంలో సముద్రానికి రంగు పూయడమంత సులువైన పని మా వృత్తిలో ఇంకొకటి లేదు. మౌస్ ఒక్కసారి నొక్కితే అట్లాంటిక్ మొత్తం నిండిపోతుంది. నేలతో అలా కుదరదు. శేషాచలం, లంకమల, వెలికొండల్లో ఎర్రచందనం సహజంగా పెరిగే చోటు చూపించమంటే, ఏ వంపు దగ్గర గీత ఆపాలో, ఏ లోయను వదిలేయాలో తేల్చుకోవడానికే ఒక పూట గడిచిపోతుంది. నేల మీద గీత పక్కకు పోతే ఎవరో ఒకరు ఫోన్ చేసి నిలదీస్తారు. సముద్రంలో అడిగే దిక్కు లేదు. అందుకే సముద్ర జీవుల పటాలన్నీ మహా ఉదారంగా ఉంటాయి. ఈ చివర నుంచి ఆ చివర దాకా ఒకటే నీలం.

తిరుపతి బాలాజీ కాలనీలో నాకొక చిన్న డీటీపీ దుకాణం ఉంది. పెళ్లి పత్రికలు, ప్రాజెక్టు రిపోర్టులు, విశ్వవిద్యాలయం పిల్లల థీసిస్‌లు వాటి మానాన అవి వస్తూ పోతూ ఉంటాయి. నేను ఇష్టపడి చేసేది మాత్రం పోటీ పరీక్షల పుస్తకాలకు పటాలు గీయడం. ఈమధ్య ఒక కోచింగ్ సెంటర్ సార్ ‘జీవవైవిధ్యం’ అధ్యాయానికి కావలసిన పటాల జాబితా పంపారు. అందులో హంప్‌బ్యాక్ తిమింగలం ఒకటి. పక్కన ఆయన చేతిరాతలో మూడు ముక్కలు: అన్ని మహాసముద్రాల్లో ఉంటుంది, ఐయూసీఎన్ (అంతర్జాతీయ ప్రకృతి పరిరక్షణ సంఘం) ఎర్ర జాబితా ప్రకారం పెద్దగా ముప్పు లేదు, అరేబియా సముద్రపు సమూహం మాత్రం అంతరించే ప్రమాదంలో ఉంది. మూడూ నిజమే. మూడింటినీ ఒకే పటంలో, ఒకే రంగుతో చూపించమనడమే చిక్కు.

మొదటి రెండు ముక్కల సంగతి త్వరగా చెప్పేస్తాను. హంప్‌బ్యాక్ అంటే 13 నుంచి 16 మీటర్ల పొడవుండి, ఒంటి పొడవులో దాదాపు మూడో వంతు ఉండే తెల్లటి రెక్కలతో నీళ్లలోంచి ఎగిరిపడే తిమింగలం. టీవీలో తిమింగలం గాల్లోకి లేచి వెల్లకిలా పడుతూ కనిపిస్తే అది చాలావరకు ఇదే. ఎండాకాలమంతా ధ్రువాల దగ్గరి చల్లటి నీళ్లలో కడుపునిండా తిని, చలికాలానికి ఉష్ణమండలానికి వచ్చి పిల్లల్ని కంటుంది. రానుపోను వేల కిలోమీటర్ల ప్రయాణం. వేటగాళ్లు దీన్ని దాదాపు తుడిచిపెట్టేశారు. అంతర్జాతీయ తిమింగల వేట సంఘం రక్షణ కల్పించాక మెల్లగా కోలుకుంది. ఎర్ర జాబితా కోసం 2018లో వేసిన లెక్క ప్రకారం ప్రపంచం మొత్తం మీద ఎదిగిన హంప్‌బ్యాక్‌లే సుమారు 84,000. వన్యప్రాణి సంరక్షణలో ఇంత మంచి వార్తలు అరుదు, కాబట్టి పాఠ్యపుస్తకాలు దీన్ని సంతోషంగా రాసుకుంటాయి. రాసుకోవాల్సిందే.

అయితే అరేబియా సముద్రంలో ఉన్న హంప్‌బ్యాక్‌లు ఈ కథలో లేవు. వాటికి వలసే లేదు. ఉత్తరానికి పోదామంటే ఆసియా ఖండం అడ్డం. దక్షిణాన అంటార్కిటికా దాకా పోయే దారి తెరిచే ఉన్నా అవి పోవు. దక్షిణార్ధగోళపు హంప్‌బ్యాక్‌లు మన వానాకాలంలో మడగాస్కర్, మొజాంబిక్ తీరాలకు వచ్చి పిల్లల్ని కంటాయి. అరేబియా సముద్రంలోనివేమో మనకు సంక్రాంతి దాటాక, శివరాత్రి రోజుల్లో జత కడతాయి. ఆరు నెలల తేడా. ఇరుగుపొరుగు సముద్రాలే అయినా, ఒకరి పెళ్లి ముహూర్తాల కాలం ఇంకొకరికి మూఢం. వాటి జన్యువులను పరిశీలించినవాళ్లు ఈ ఎడబాటు సుమారు 70,000 సంవత్సరాల నాటిదని తేల్చారు. పాట కూడా వేరే. హంప్‌బ్యాక్ మగవి పాడతాయన్న సంగతి తెలిసిందే కదా. ఒమన్ దగ్గర వినిపించే పాటకూ దక్షిణాన మడగాస్కర్ వైపు వినిపించే పాటకూ పొంతన లేదు.

మరి చల్లటి నీళ్లకు పోకుండా తిండి ఎలా? ఇక్కడే నాకు ఈ తిమింగలం మీద అభిమానం పుట్టింది. దానికి తిండి పెట్టేది నైరుతి రుతుపవనం. జూన్ నుంచి సెప్టెంబరు దాకా ఒమన్ తీరం వెంబడి గాలి బలంగా వీస్తుంది. ఆ గాలికి పైనున్న వెచ్చటి నీరు తీరం నుంచి దూరంగా జరిగిపోతుంది. దాని చోట్లోకి అడుగు నుంచి చల్లటి నీరు, ఎరువులాంటి పోషకాలతో సహా పైకి తేలుతుంది. దాంతో నాచు, నాచును తినే క్రిల్ రొయ్యలు, వాటిని తినే కవళ్లు పెరుగుతాయి, వీటన్నిటినీ తినే తిమింగలం అక్కడికి చేరుతుంది. ధ్రువానికి వెళ్లి వెతుక్కోవాల్సిన చలి ఇంటి ముందుకే వస్తుంటే ఇక వలస ఎందుకు?

పీలేరు దగ్గరి మా పిన్ని కొడుకు సలాలాలో డ్రైవరుగా ఉన్నాడు. మనవాళ్లు ఎక్కువగా కువైట్ వెళ్తారు గానీ వీడు ఒమన్ పట్టుకున్నాడు. జూలై, ఆగస్టుల్లో వాడు పంపే ఫోటోలు చూసి ఇంట్లో ఎవరూ నమ్మలేదు. ఎడారి దేశంలో పచ్చటి కొండలు, పొగమంచు, జల్లు, ఆవులు! “ఇది తలకోన కాదు కదరా?” అని వాళ్లమ్మ రెండుసార్లు అడిగింది. అక్కడి అరబ్బులు ఆ కాలాన్ని ఖరీఫ్ అంటారు. ఆ మంచుకు కారణం కూడా ఆ చల్లటి నీరే. తేమ గాలి చల్లబడిన సముద్రం మీదుగా వచ్చి కొండకు తగిలి మంచవుతుంది. వాడు కొండ మీద నిలబడి ఫోటో తీసుకుంటున్న రోజుల్లోనే కింద సముద్రంలో తిమింగలాలకు వంట సిద్ధమవుతోంది. అదే గాలి సముద్రం దాటి పడమటి కనుమల్లో కుండపోతగా కురిసి, చిత్తూరు చేరేసరికి నాలుగు చినుకులు విదిలిస్తుంది. తిమింగలానికి ఉన్న అదృష్టం మన వేరుశనగ రైతుకు లేదు.

ఇక లెక్క. 2000 నుంచి 2004 దాకా ఒమన్ తీరంలో తీసిన ఫోటోల ఆధారంగా పరిశోధకులు వేసిన అంచనా 82. అటూ ఇటూగా చూస్తే 60 నుంచి 111 మధ్య. హంప్‌బ్యాక్ మునిగేటప్పుడు తోక పైకెత్తుతుంది. తోక అడుగున ఉండే నలుపు తెలుపు మచ్చలు ఏ రెండింటికీ ఒకలా ఉండవు కాబట్టి ఆ ఫోటోలే వాటికి గుర్తింపు కార్డులు. 84,000 ఒకవైపు, 82 ఒకవైపు. పై లెక్కలోంచి కింది లెక్కను మొత్తంగా తీసేసినా ఎర్ర జాబితాలో హంప్‌బ్యాక్ స్థానం వెంట్రుకవాసి కూడా కదలదు. ఒక జాతి బాగుంది అన్న వాక్యం కింద ఒక సమూహం ఎవరికీ తెలియకుండా తుడిచిపెట్టుకుపోవచ్చు. దీన్ని గమనించే ఐయూసీఎన్ 2008లో అరేబియా సముద్రపు సమూహాన్ని విడిగా లెక్కకట్టి ప్రమాదంలో ఉన్నట్టు ప్రకటించింది. అమెరికా కూడా 2016లో ప్రపంచంలోని హంప్‌బ్యాక్‌లను 14 సమూహాలుగా విడదీసి, ప్రమాదంలో ఉన్నవిగా గుర్తించిన నాలుగింటిలో దీన్నీ చేర్చింది.

ఇంత తక్కువ ఎందుకయ్యాయో వెతుక్కుంటూ పోతే 1966 నవంబరు తగిలింది. ఆ సంవత్సరానికి హంప్‌బ్యాక్ వేటపై నిషేధం వచ్చేసింది. సోవియట్ యూనియన్ ఆ నిషేధానికి ఒప్పుకున్న దేశమే. అయినా ‘స్లావా’, ‘సోవియట్‌స్కయా ఉక్రయినా’ అనే రెండు భారీ నౌకల చుట్టూ ఉండే వేట పడవలు అంటార్కిటికాకు వెళ్లే దారిలో అరేబియా సముద్రంలో ఆగాయి. ఒమన్, పాకిస్తాన్, మన వాయవ్య తీరాల దగ్గర ఆ ఒక్క నెలలో 238 హంప్‌బ్యాక్‌లను చంపాయి. అంతకు ముందు సంవత్సరం చంపిన 4 కలిపితే 242. అంతర్జాతీయ సంఘానికి ఇచ్చిన కాగితాల్లో ఇవేవీ లేవు. ఓడల మీద ఉన్న జీవశాస్త్రవేత్తల దగ్గర మాత్రం అసలు లెక్కలు ఉండిపోయాయి. సోవియట్ యూనియన్ కూలిపోయాక ఒక్కొక్కటే బయటపడ్డాయి. అరేబియా సముద్రపు లెక్కను యూరి మిఖాలెవ్ అనే శాస్త్రవేత్త 1997లో ప్రచురించారు.

ఆ లెక్క చదివితే మనసు రెండు విధాలుగా పోతుంది. కోసిన తిమింగలాల కడుపులో ఏముందో వాళ్లు రాసుకున్నారు: కొన్నింటిలో క్రిల్, మన దేశమూ పాకిస్తానూ ఉన్న వైపు చంపిన వాటిలో కవళ్లు, కానాగంతల జాతి చేపలు. గర్భంలో ఉన్న పిల్లల పొడవులు కొలిచారు. ఆ కొలతల వల్లే ఈ తిమింగలాలు ఉత్తరార్ధగోళపు కాలం ప్రకారం ఈనుతాయనీ, అక్కడే తిని అక్కడే కంటాయనీ గట్టిగా తెలిసింది. అంటే ఈ సమూహం వలస పోదు, వేరేగా బతుకుతుంది, దీన్ని కాపాడాలి అని వాదించడానికి మన చేతిలో ఉన్న మొదటి బలమైన ఆధారం దాన్ని చంపినవాళ్లు పెట్టుకున్న చిట్టా. నాకు మిఖాలెవ్ మీద కోపం రాదు. ఆ చిట్టాను పారేయకుండా దాచి, 30 ఏళ్ల తర్వాతైనా నిజం అచ్చు వేయించాడు. అచ్చు పనిలో ఉన్నదాన్ని కాబట్టి కావచ్చు, ఆ మాటకు నేను విలువ ఇస్తాను.

మనవైపు కూడా ఇవి ఉన్నాయా అన్నది చాలాకాలం ఒడ్డుకు కొట్టుకొచ్చిన కళేబరాలు, మత్స్యకారుల మాటలు, అరకొర ఆధారాల మీద నడిచింది. 2017లో గోవా దగ్గర నీటిలో దించిన మైకుల్లో హంప్‌బ్యాక్ పాట పడింది. అది ఒమన్ పాటకు దగ్గరగా ఉంది. అదే సంవత్సరం చివర్లో ఒమన్‌లోని మసీరా సింధుశాఖలో ఒక ఆడ తిమింగలానికి ఉపగ్రహ ట్యాగ్ తగిలించారు. దాని పేరు లుబాన్, అరబ్బీలో పరంగి సాంబ్రాణి. అది నేరుగా అరేబియా సముద్రాన్ని అడ్డంగా దాటి గోవా వైపు వచ్చి, తీరం వెంట కన్యాకుమారి దిక్కుగా దిగి, మళ్లీ ఒమన్‌కు వెనక్కి వెళ్లింది. ఒక తిమింగలం అలా దాటుతున్నట్టు ట్యాగ్ ద్వారా నమోదు కావడం అదే మొదటిసారి. పటం గీసేవాళ్లకు ఇంతకంటే ఏం కావాలి! నీలం పూతల మధ్య ఒక నిజమైన గీత. ఇక్కడ ఉండవచ్చు అన్న అంచనా పక్కన, ఇదిగో ఈ తిమింగలం ఈ దారిన వెళ్లింది అన్న సాక్ష్యం.

లుబాన్ వచ్చి వెళ్లిన 2018లోనే మన కేంద్ర ప్రభుత్వం ప్రత్యేకంగా కోలుకునేలా చేయాల్సిన జీవుల జాబితాలో అరేబియా సముద్రపు హంప్‌బ్యాక్‌ను చేర్చింది. ఆ జాబితా తెరిచి చూస్తే మన కలివికోడి కూడా కనిపించింది. 1848లో జెర్డాన్ అనే పక్షి శాస్త్రవేత్త చూసి రాసిన పక్షి. 1900 తర్వాత ఎవరికీ కనబడక పోయిందనుకున్న పక్షి. 1986లో కడప జిల్లాలో మళ్లీ దొరికిన పక్షి. ముళ్లపొదల మధ్య రాత్రిపూట నడిచే ఆ పిట్ట, నడిసముద్రంలో పాడే ఆ తిమింగలం ఒకే కాగితం మీద ఉండటం నాకు భలే నచ్చింది. కలివికోడి కోసం తెలుగు గంగ కాలువ దారి గురించే ఆలోచించాల్సి వచ్చిందని మావైపు చాలామందికి గుర్తుంది. అయితే కలివికోడికి ఒక అభయారణ్యం గీసి ఇవ్వవచ్చు. తిమింగలానికి ఏ గీత గీస్తాం? అది మూడు నాలుగు దేశాల నీళ్లలో తిరుగుతుంది. హిందూ మహాసముద్రాన్ని 1979లోనే తిమింగలాల అభయప్రాంతంగా ప్రకటించారు. వేట ఆగడానికి అది పనికొచ్చింది. ఇప్పుడు వాటిని చంపుతున్నది వేట పడవలు కాదు కాబట్టి ఆ ప్రకటన ఒక్కటే చాలదు.

ఇప్పటి ముప్పులో పెద్దది వల. నీళ్లలో నిలువుగా వేలాడే నైలాన్ వల తిమింగలానికి కనిపించదు. ఒమన్‌లో తోక మొదలయ్యే చోటు స్పష్టంగా ఫోటోలో పడిన తిమింగలాల్లో 30 నుంచి 40 శాతం వాటికి వలల గాట్లు ఉన్నాయి. ఇవి బతికి బయటపడినవాటి గాట్లు; బయటపడనివి ఫోటోలో ఉండవు. దాని తర్వాత ఓడలు. గల్ఫ్ చమురు, కంటైనర్లు అన్నీ ఈ నీళ్ల మీదుగానే పోతాయి. శ్రీలంక దక్షిణాన నీలి తిమింగలాలు ఓడలకు గుద్దుకుని చనిపోతున్నాయని 2022లో ఎంఎస్‌సీ అనే పెద్ద నౌకా సంస్థ తన ఓడల దారిని ఇంకా దక్షిణానికి జరిపింది. ఓడకు అది కొద్ది గంటల పని. అంత తేలికగా అయ్యే పని వలలతో లేదు.

2022లో జిల్లాలు విడదీసినప్పుడు తిరుపతి జిల్లాకు సముద్రం వచ్చింది. ఆ ముచ్చట తీర్చుకోవడానికని పిల్లల్ని తీసుకుని తూపిలిపాలెం వెళ్లినప్పుడు, ఒడ్డున వల బాగుచేసుకుంటున్న ఒక పెద్దాయన పక్కన కూర్చున్నాను. ఎడమకాలి బొటనవేలికి వల అంచు తగిలించి, లాగి పట్టుకుని, తెగిన కన్నాల్లోకి దారపు కండె తిప్పుతున్నారు. ఒక్కో ముడి వేసి పళ్లతో బిగిస్తున్నారు. చూస్తూ ఉండగానే అరచేయంత చిరుగు పూడ్చడానికి చాలాసేపు పట్టింది. తూర్పు సముద్రం ఆయనది, నేను పటం గీస్తున్న తిమింగలం ఆయనకు తగిలే అవకాశం లేదు. అయినా అడిగాను.

“పెద్దాయనా, వలలో పెద్ద తిమింగలం పడితే ఏం చేస్తారు?”

“అది వలలో పడటం కాదమ్మా, వల దాంట్లో పడటం. వలతో సహా లాక్కుపోతుంది.”

“ప్రాణంతో ఉంటే వల కోసి వదిలేస్తారా?”

ఆయన దారం ఆపి నా వైపు చూశారు. “వదులుతాం. పాపం మనకెందుకు? కానీ కోసిన వల మళ్లీ ఎవరు కొనిస్తారు తల్లీ? పోయినసారి తుఫానులో పోయిన వలకే ఇంకా అప్పు తీరలేదు.”

ఇదే అసలు ప్రశ్న అని నాకు అనిపిస్తుంది. వన్యప్రాణి సంరక్షణ చట్టంలో తిమింగలాలు మొదటి షెడ్యూల్‌లో ఉన్నాయి, పులితో సమానం. కాగితం మీద అంతకు మించిన రక్షణ లేదు. కానీ నడిసముద్రంలో అర్ధరాత్రి తిమింగలం వలకు చుట్టుకుంటే అక్కడ ఉండేది చట్టం కాదు, నలుగురు మనుషులు, ఒక కత్తి. వాళ్లు ఆ కత్తి తీయాలంటే వల ఖరీదు ఎవరో ఒకరు పెట్టుకోవాలి. మహారాష్ట్రలో ప్రభుత్వం ఈ పని చేస్తోంది: వలలో పడిన రక్షిత జీవిని వల కోసి వదిలినట్టు ఫోటోనో వీడియోనో చూపిస్తే 25,000 రూపాయల వరకు పరిహారం ఇస్తుంది. పాకిస్తాన్‌లో ట్యూనా పడవల నాయకులకు చిక్కిన జీవులను వదిలే పద్ధతి నేర్పారు. వలను నీటి మట్టానికి 2 మీటర్ల కిందికి దించి వేసేలా ఒప్పించారు. పైనే ఈదే డాల్ఫిన్లు చిక్కడం దానివల్ల తగ్గింది. సదస్సుల్లో చదివే తీర్మానాల కంటే ఇలాంటి చిల్లర పనుల మీదే నాకు నమ్మకం ఎక్కువ.

సరే, నా పటం సంగతి. పుస్తకం రిసో మీద నల్ల సిరాతో అచ్చవుతుంది, రంగుల ప్రసక్తే లేదు. నీలం పూసినా బూడిద రంగే పడుతుంది, పైగా రిసోలో పెద్ద పూత మచ్చలు మచ్చలుగా తేలుతుంది. కాబట్టి గీతలు, చుక్కలే శరణ్యం. హంప్‌బ్యాక్‌లు వలస తిరిగే మహాసముద్రాలన్నిటికీ పలచటి ఏటవాలు గీతలు వేశాను. అరేబియా సముద్రాన్ని ఆ గీతల నుంచి పూర్తిగా తప్పించి పక్కన పెద్ద పెట్టె గీసి విడిగా చూపించాను. అందులో ఒమన్ తీరం మసీరా నుంచి హల్లానియాత్ దీవుల దాకా దట్టమైన అడ్డు గీతలు. పాకిస్తాన్, గుజరాత్ నుంచి కేరళ, అక్కడి నుంచి శ్రీలంక దాకా దూరం దూరంగా చుక్కలు. మధ్యలో లుబాన్ దారి ఒక్కటే నల్లటి గీత. దేశ సరిహద్దు మాత్రం సర్వే ఆఫ్ ఇండియా ప్రకారం మూడుసార్లు సరిచూశాను; కాశ్మీరు దగ్గర వెంట్రుక పక్కకు జరిగినా పుస్తకం మొత్తం వెనక్కి వస్తుంది. సముద్రంలో సగం తిమింగలాలు జారిపోయినా ఏ పుస్తకమూ వెనక్కి రాదు.

సార్‌కు ప్రూఫ్ పంపాను. సాయంత్రం ఫోన్.

“అమ్మా, ఒక మార్కు ప్రశ్నకు అర పేజీ పటమా?”

“ఒకే గీతలు వేస్తే మీ మూడో వాక్యం అబద్ధమవుతుంది సార్.”

“అది సరే, ఈ లుబాన్ ఎవరు? పరీక్షలో అడగరు కదా!”

“అడిగితే మన పుస్తకంలోంచే వచ్చిందని వేసుకోవచ్చు.”

కోచింగ్ నడిపేవాళ్లకు ఇంతకంటే మంచి కారణం అక్కర్లేదు. పెట్టె ఉంచమన్నారు, కొంచెం చిన్నది చేయమన్నారు. చేశాను.

మిగిలిన పని ఒకటే. ఫిబ్రవరి, మార్చి నెలల్లో హల్లానియాత్ దీవుల దగ్గర పాడే మగ తిమింగలాలు కనిపిస్తాయి. దానికి ఎదురుగా ఉన్న హాసిక్ ఊరు సలాలా నుంచి కారులో వెళ్లగలిగేంత దూరమే. మా తమ్ముడికి అంతా వివరంగా చెప్పాను: పడవ ఎక్కితే దూరంగానే ఉండాలి, ఇంజను జోరు తగ్గించాలి, తోక పైకి లేచినప్పుడు అడుగు భాగం ఫోటో తీయాలి, తేదీ, సమయం, చోటు రాసుకోవాలి, అక్కడి పరిశోధకులకు పంపాలి. పశ్చిమ తీరంలో పడవల మీద పనిచేసే మనవాళ్లు ఎవరైనా దీన్ని చదువుతుంటే వాళ్లకూ ఇదే విన్నపం. మా వాడు అంతా విని, “నాకు సెలవు శుక్రవారం ఒక్కరోజే అక్కా. ఆ తిమింగలానికి కూడా శుక్రవారమే రమ్మని చెప్పు” అన్నాడు.